డెబ్బై పైసల వడ్డీ, రెండిళ్ల ఖరీదు

గుంటూరులో ఉండే మా బావగారు ఇంటి కాగితాల కోసం పోయినేడాది బ్యాంకుకు వెళ్లారు. 2005లో 12 లక్షల రూపాయల గృహరుణం తీసుకున్నారు. గడువు 20 ఏళ్లు. ఒక్క వాయిదా తప్పలేదు. జీతం పడిన మర్నాడే బ్యాంకు తన వాటా తీసేసుకునేది. లెక్క ప్రకారం 2025తో రుణం తీరిపోవాలి. కౌంటర్లో ఉన్న కుర్రాడు కంప్యూటర్ చూసి, మర్యాదగానే చెప్పాడు: ''ఇంకా నాలుగేళ్లు ఉందండీ. దాదాపు నాలుగున్నర లక్షలు.'' అప్పటికి ఆయన రిటైరై ఏడాది దాటింది.

ఆ సాయంత్రం ఫోన్ చేశారు. ''ఏమోయ్, ఒక్క కంతు ఎగ్గొట్టలేదు. 27 లక్షల దాకా కట్టాను. ఇంకా బాకీ ఏమిటి?'' జూనియర్ కాలేజీలో పాతికేళ్లకు పైగా లెక్కలు చెప్పిన మనిషి అడిగిన ప్రశ్న అది.

ఇందులో మోసమేమీ లేదు. ఆయన తీసుకున్నది ఫ్లోటింగ్ రేటు రుణం. మొదట ఏడున్నర శాతం ఉన్న వడ్డీ రెండు మూడేళ్లలోనే రెండంకెలకు చేరింది. బ్యాంకు ఈఎంఐని కొంత పెంచి, మిగతా భారాన్ని గడువులో కలిపింది. ఆ సంగతి తెలిపే ఉత్తరం వచ్చే ఉంటుంది. ఎవరూ చదవని ఉత్తరాల్లో అదొకటి. ఇల్లు కట్టి చూడు, పెళ్లి చేసి చూడు అన్న పెద్దలు, ఇంటప్పు తీర్చి చూడు అని కూడా అనాల్సింది.

వందకు 71 పైసలు

మనలో చాలామందికి శాతాల కన్నా రూపాయల వడ్డీయే సులభంగా అర్థమవుతుంది. రూపాయి వడ్డీ అంటే వందకు నెలకు రూపాయి, అంటే ఏడాదికి 12 శాతం. రెండు రూపాయల వడ్డీ అంటే గుండె దడ. ఈ భాషలో చెబితే 8.5 శాతం గృహరుణం 71 పైసల వడ్డీ. ఏ పల్లెటూరిలోనైనా ఇది ధర్మవడ్డీ కిందే లెక్క. మరి ఇంత చౌక అప్పు అసలుకు రెట్టింపు ఎలా వసూలు చేస్తుంది?

ఒక ఉదాహరణ తీసుకుందాం. హైదరాబాద్‌లో ఫ్లాట్ కోసం 50 లక్షల రుణం, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు. మీ రేటు ఇంతకన్నా కొంచెం తక్కువో ఎక్కువో కావచ్చు. లెక్క నడిచే తీరు మాత్రం మారదు. ఈఎంఐ రూ.43,391. దాన్ని 240 నెలలతో గుణిస్తే కోటీ నాలుగు లక్షల పైచిలుకు. అంటే 50 లక్షల అసలు మీద 54 లక్షలకు పైగా వడ్డీ.

కారణం రేటు కాదు, కాలం. వందకు 71 పైసల చొప్పున 240 నెలలకు 170 రూపాయలు అవుతుంది. అసలు నెలనెలా కొంత తరుగుతుంది కనుక అది 108 రూపాయల దగ్గర ఆగింది. ఇది చక్రవడ్డీ మాయాజాలం కూడా కాదు. బాకీ ఉన్న అసలు మీద మాత్రమే వడ్డీ పడుతోంది. చిక్కంతా ఆ అసలు చాలాకాలం పాటు కదలకపోవడంలో ఉంది.

మొదటి నెల ఈఎంఐలో వడ్డీ రూ.35,417. అసలుకు జమయ్యేది రూ.7,974. అయిదేళ్లు గడిచేసరికి మీరు 26 లక్షలు కట్టి ఉంటారు. అసలు తగ్గింది మాత్రం 6 లక్షల లోపే. పదేళ్లకు, అంటే సగం గడువు గడిచాక, బాకీ సగానికి రాదు. ఇంకా 35 లక్షలు ఉంటుంది. మీ వాయిదాలో వడ్డీ కన్నా అసలు వాటా ఎక్కువ కావడానికి దాదాపు 12 ఏళ్లు పడుతుంది. అసలు సగం తీరడానికి 14 ఏళ్లు కావాలి. అయిదారేళ్ల తర్వాత ఇల్లు అమ్మి రుణం తీర్చేద్దామనుకునేవారికి ఈ అంకెలే చేదు నిజాలు.

అయిదు వేలకు 34 లక్షలు

బ్యాంకులో మనల్ని అడిగే మొదటి ప్రశ్న, ''నెలకు ఎంత కట్టగలరు?'' మనం కూడా ఆ ఒక్క అంకెనే చూసుకుంటాం. అందుకే గడువు పెంచడం తేలిగ్గా తోస్తుంది. అదే 50 లక్షలకు 30 ఏళ్లు పెట్టుకుంటే ఈఎంఐ రూ.38,446కు దిగుతుంది. నెలకు సుమారు అయిదు వేల ఊరట. దానికి ప్రతిఫలంగా మొత్తం వడ్డీ 54 లక్షల నుంచి 88 లక్షలకు ఎగబాకుతుంది. ఆ అయిదు వేల ఊరట ఖరీదు 34 లక్షలన్న మాట.

ఇటు వైపు చూడండి. గడువును 15 ఏళ్లకు కుదిస్తే ఈఎంఐ రూ.49,237. నెలకు అదనంగా 5,850 రూపాయలు. వడ్డీ 38.6 లక్షలకు తగ్గుతుంది. పదిహేనున్నర లక్షలు మిగులు. అందరికీ ఇది సాధ్యం కాదు. పిల్లల ఫీజులు, పెద్దల మందులు ఉన్న ఇంట్లో ఆ 5,850 కూడా పెద్ద మొత్తమే. అందుకే మధ్యే మార్గం చాలామందికి నప్పుతుంది: గడువు 20 ఏళ్లే పెట్టుకుని, బోనసో పంట డబ్బో వచ్చినప్పుడు ఏడాదికి ఒక ఈఎంఐ అదనంగా కట్టడం. అలా చేస్తే రుణం 16 ఏళ్ల 9 నెలల్లో తీరుతుంది. మిగిలే వడ్డీ సుమారు 10 లక్షలు.

ముందుగా కట్టే సొమ్ముకు వేళ కూడా ముఖ్యం. మొదటి ఏడాది చివర 2 లక్షలు అసలుకు జమచేసి ఈఎంఐని మార్చకుండా ఉంటే, మొత్తం మీద 7 లక్షలకు పైగా వడ్డీ తప్పుతుంది. అదే 2 లక్షలు పదిహేనో ఏడాది చివర కడితే తప్పేది లక్ష రూపాయలే. రిటైరయ్యాక వచ్చే డబ్బుతో తీర్చేద్దామన్న ఆలోచనలో తప్పు లేదు. కాకపోతే అప్పటికి వడ్డీలో సింహభాగం బ్యాంకుకు చేరిపోయి ఉంటుంది.

జరిమానా భయం ఇప్పుడు అక్కర్లేదు. ఒకప్పుడు గడువుకు ముందే తీర్చేవారి నుంచి బాకీ మీద రెండు శాతం దాకా వసూలు చేసేవారు. ఫ్లోటింగ్ రేటు గృహరుణాల మీద ఆ రుసుమును గృహరుణ సంస్థలకు 2011లో నేషనల్ హౌసింగ్ బ్యాంక్, బ్యాంకులకు 2012లో రిజర్వ్ బ్యాంకు రద్దు చేశాయి. అయినా నేటికీ ఆ పాత భయంతో చేతిలో డబ్బున్నా కట్టని వారున్నారు.

రేటు కదిలితే ఏమవుతుంది

మా బావగారి కథ అసలు కీలకం ఇక్కడుంది. 2020 మేలో రెపో రేటు 4 శాతం. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి మధ్య రిజర్వ్ బ్యాంకు దాన్ని ఆరున్నరకు తీసుకెళ్లింది. 2021లో 6.75 శాతానికి 50 లక్షలు తీసుకున్న వారి ఈఎంఐ రూ.38,018. ఏడాది వాయిదాలు కట్టాక బాకీ 48.8 లక్షలు అనుకుందాం. ఆ దశలో రేటు రెండున్నర శాతం పెరిగి 9.25కు చేరితే నెల వడ్డీయే రూ.37,598 అవుతుంది. పాత ఈఎంఐలో అసలుకు మిగిలేది 420 రూపాయలు. ఆ లెక్కన రుణం తీరడానికి 48 ఏళ్లకు పైనే కావాలి. రేటు మరికాస్త పెరిగితే వాయిదా వడ్డీకే చాలదు. అప్పుడు కడుతూ పోతున్నా అసలు పెరుగుతుంది. గడువు మార్చకూడదనుకుంటే ఈఎంఐని సుమారు రూ.45,500కు పెంచుకోవాలి.

బ్యాంకులు చాలాచోట్ల గడువునే సాగదీశాయి. ఈఎంఐ మారకపోతే వినియోగదారు అడగడు, ఫిర్యాదు చేయడు. 50 ఏళ్ల వ్యక్తి రుణం 75 ఏళ్ల దాకా సాగినా అతనికి తెలియదు. ఈ పరిస్థితి చూసే రిజర్వ్ బ్యాంకు 2023 ఆగస్టు 18న ఒక ఆదేశం ఇచ్చింది. రేటు మారినప్పుడు దాని ప్రభావం వాయిదా మీద, గడువు మీద ఎంతో వెంటనే చెప్పాలి. ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కలిపి సర్దాలా అన్నది రుణగ్రహీతను అడగాలి. స్థిర వడ్డీకి మారే అవకాశం ఇవ్వడం కూడా 2025 సెప్టెంబరు దాకా తప్పనిసరిగా ఉండేది. కొంత గానీ మొత్తం గానీ ముందే కట్టే వీలుండాలి. గడువు సాగదీయడం వల్ల అసలు పెరిగే పరిస్థితి రాకూడదు. మూడు నెలలకోసారి అసలుకు ఎంత పోయింది, వడ్డీకి ఎంత పోయింది, ఇంకా ఎన్ని వాయిదాలున్నాయి అన్న వివరాలు అందించాలి. ఆ కాగితం మీకు అందుతోందా? లేకపోతే రేపే అడగండి.

రేటు తగ్గినప్పుడు ఇదే కథ తిరగబడుతుంది. 2025లో రెపో రేటు నాలుగు దఫాలుగా తగ్గి డిసెంబరుకు 5.25 శాతానికి వచ్చింది. మన 50 లక్షల రుణం వడ్డీ 8.5 నుంచి 7.5కు దిగిందనుకుంటే రెండు దారులుంటాయి. ఈఎంఐని రూ.40,280కి తగ్గించుకుని నెలకు మూడు వేలు ఖర్చుకు వాడుకోవచ్చు. పాత ఈఎంఐనే కొనసాగించి మూడేళ్ల ముందు బయటపడొచ్చు. రెండో దారిలో మొదటి దారి కన్నా దాదాపు 8 లక్షలు తక్కువ కడతారు. పాత ఈఎంఐకి ఇంటి బడ్జెట్ ఎలాగూ అలవాటు పడి ఉంటుంది.

తగ్గింపు మీ దాకా వస్తుందా అన్నది మరో ప్రశ్న. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులిచ్చే కొత్త ఫ్లోటింగ్ గృహరుణాలు రెపో వంటి బయటి ప్రామాణికానికి ముడిపడి ఉన్నాయి. అంతకు ముందు 2003లో వచ్చిన బీపీఎల్ఆర్, 2010లో బేస్ రేటు, 2016లో ఎంసీఎల్ఆర్ ఉండేవి. పాత పద్ధతుల్లో రేటు పెంపు పరుగున వచ్చేది, తగ్గింపు నత్తనడక నడిచేది. పాత రుణం ఉన్నవారు కొత్త పద్ధతికి మారొచ్చు. కానీ మార్చమని అడగాల్సింది మీరే. పైగా గృహరుణ సంస్థలకు ఈ రెపో నిబంధన వర్తించదు. మీకు రుణమిచ్చింది బ్యాంకా, గృహరుణ సంస్థా అన్నది ముందు తెలుసుకోండి.

చిన్నక్షరాల్లో పెద్ద ఖర్చులు

వడ్డీతోనే ఖర్చు ముగియదు. ప్రాసెసింగ్ రుసుము, దాని మీద 18 శాతం జీఎస్టీ, న్యాయ పరిశీలన, విలువ నిర్ధారణ, దస్తావేజుల తాకట్టు నమోదు వరస కడతాయి. వీటికన్నా ఎక్కువగా కొరికేది బీమా. రుణంతో పాటు బీమా పాలసీ ఇస్తామని, ప్రీమియం చేతి నుంచి కట్టక్కర్లేదని, రుణంలోనే కలిపేస్తామని చెబుతారు. లక్షన్నర ప్రీమియం 50 లక్షలకు కలిస్తే నెలకు 1,302 రూపాయలు పెరుగుతుంది. ఇరవై ఏళ్లలో ఆ లక్షన్నర 3.12 లక్షలవుతుంది. ఇంటి యజమానికి బీమా అవసరమే. అది బ్యాంకు చూపించిన కంపెనీ దగ్గరే, అప్పు మీద కొనాలన్న నియమం లేదు. విడిగా టర్మ్ పాలసీ ధర కనుక్కుని పోల్చి చూడండి.

నిర్మాణంలో ఉన్న ఫ్లాట్ అయితే మరో పద్దు ఉంది. రుణం విడతలవారీగా బిల్డరుకు వెళుతుంది. పూర్తయ్యేదాకా విడుదలైన మొత్తం మీద వడ్డీ మాత్రం కడతారు. సగటున 25 లక్షలు మూడేళ్ల పాటు బిల్డరు చేతిలో ఉంటే 8.5 శాతం చొప్పున 6.37 లక్షలు. ఇందులో అసలుకు రూపాయి కూడా జమ కాదు. పైగా ఆ మూడేళ్లూ ఉంటున్న ఇంటికి అద్దె. ప్రాజెక్టు ఆలస్యమైన ప్రతి నెలా ఈ మీటరు తిరుగుతూనే ఉంటుంది.

ఈ ఖర్చులన్నీ ఒకచోట చూసే వీలు ఇప్పుడుంది. 2024 అక్టోబరు 1 నుంచి కొత్త రిటైల్ రుణాలకు కీలక వివరాల పత్రం తప్పనిసరి. రుసుములను కూడా కలిపిన వాస్తవ వార్షిక ఖర్చు రేటు అందులో ఉండాలి. వాయిదాల పట్టిక కూడా ఉండాలి. అందులో రాయని రుసుమును మీ సమ్మతి లేకుండా వసూలు చేయకూడదు. ఆ పత్రం రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో ఉండాలన్నది కూడా నిబంధనే. తెలుగులో అడగడానికి మొహమాటం దేనికి? రెండు బ్యాంకులను పోల్చేటప్పుడు ప్రకటనలోని రేటును కాకుండా ఈ వార్షిక ఖర్చు రేటును పక్కపక్కన పెట్టండి.

అయితే అప్పే తప్పా?

కాదు. కోటీ నాలుగు లక్షల అంకె చూసి బెదిరిపోవడం కూడా సగం లెక్కే. ఇరవై ఏళ్ల తర్వాత కట్టే రూపాయి నేటి రూపాయి కాదు. ధరలు ఏటా 5 శాతం పెరుగుతాయనుకుంటే, చివరి వాయిదా రూ.43,391 విలువ నేటి లెక్కలో సుమారు రూ.16,350 మాత్రమే. జీతం పెరుగుతుంది, ఈఎంఐ బరువు తగ్గుతుంది. కట్టే అద్దె మిగులుతుంది. సొంత గోడకు మేకు కొట్టుకునే స్వేచ్ఛకు వెల కట్టలేం.

పన్ను రాయితీ మాటను మాత్రం కొంచెం జాగ్రత్తగా వినాలి. పాత పన్ను విధానంలో సొంతంగా ఉండే ఇంటి మీద వడ్డీకి ఏటా 2 లక్షల దాకా మినహాయింపు ఉంది. మన ఉదాహరణలో మొదటి ఏడాది వడ్డీ 4.2 లక్షలు. అంటే సగానికి పైగా వడ్డీకి రాయితీ వర్తించదు. కొత్త పన్ను విధానం ఎంచుకుంటే సొంతానికి వాడుకునే ఇంటి వడ్డీకి అసలు మినహాయింపే లేదు. ''పన్ను కోసమైనా అప్పు ఉంచుకోండి'' అనే సలహా ఇచ్చేవారిని మీరు ఏ విధానంలో ఉన్నారో ముందు అడగమనండి.

చేతిలో మిగులు ఉంటే రుణం తీర్చాలా, మదుపు చేయాలా? 8.5 శాతం రుణం తీర్చడమంటే పన్ను లేని, నష్టభయం లేని 8.5 శాతం రాబడి సంపాదించడమే. పన్ను పోను అంత ఇచ్చే ఫిక్స్‌డ్ డిపాజిట్ అరుదు. షేర్లలో ఎక్కువ రావచ్చు, రాకపోనూ వచ్చు. ఆ నిబ్బరం ఎవరిది వారే తేల్చుకోవాలి. ఒక హెచ్చరిక మాత్రం అందరికీ. ఆర్నెల్ల ఇంటి ఖర్చును విడిగా ఉంచకుండా, ఉన్నదంతా రుణానికి జమ చేయొద్దు. బ్యాంకుకు ముందుగా కట్టిన డబ్బు ఆస్పత్రి వేళకు తిరిగి రాదు. క్రెడిట్ కార్డు బాకీ ఉంటే ముందు దాన్నే తీర్చండి.

రుణం తీరిన రోజు కూడా పని పూర్తి కాదు. అసలు దస్తావేజులు 30 రోజుల్లోగా ఇవ్వాలని, తమ వల్ల ఆలస్యమైతే రోజుకు రూ.5,000 చొప్పున పరిహారం చెల్లించాలని రిజర్వ్ బ్యాంకు 2023 సెప్టెంబరులో ఆదేశించింది. తాకట్టు నమోదై ఉంటే దాని రద్దు కూడా నమోదు చేయించి, ఆ తర్వాత ఈసీ తీసి చూసుకోవాలి. లేకుంటే పదేళ్ల తర్వాత ఇల్లు అమ్మబోతే తీరిన అప్పు కాగితం మీద బతికే ఉంటుంది.

మా బావగారు గ్రాట్యుటీ సొమ్ములోంచి నాలుగున్నర లక్షలు తీసి రుణం మూసేశారు. ఆ డబ్బుతో ఇద్దరూ కాశీ, బదరీ తిరగాలని అక్కయ్య అనుకుంది. పాత పద్ధతిలో ఉన్న రుణాన్ని ఆయన 2010లోనో, 2016లోనో, కనీసం 2019లోనో మార్పించుకుని, ఏడాదికోసారి స్టేట్‌మెంట్ చూసుకుని ఉంటే ఆ యాత్ర రిటైరైన నెలలోనే జరిగేది. నాలుగు వారాలకు దస్తావేజులు చేతికొచ్చాయి. ఆయన వాటిని బీరువాలో పెట్టి, పాస్‌బుక్కు మాత్రం బల్ల మీదే ఉంచారు. ఎదురింటి కుర్రాడు కొత్తగా గృహరుణం తీసుకున్నాడు. సాయంత్రాలు అతణ్ని కూర్చోబెట్టి అసలెంత, వడ్డీ ఎంత అని విడదీసి చూపిస్తున్నారు. పాతికేళ్లకు పైగా చెప్పిన లెక్కల్లో ఇదొక్కటే తన క్లాసులో చెప్పలేదట.